పగవాని యొద్ద నేర్చిన విద్య

(సమాజ వార్షికోత్సవ సభలో చదివిన ఉపన్యాస పాఠము)



భారతము ఆదిపర్వములోని కచుని కథ మనలో వినని వారుండరు. దేవాసుర యుద్ధము జరుగుచుండగా, అసుర పక్షమున మడిసిన వారిని శుక్రాచార్యులు మృతసంజీవని విద్యచేత మరల బ్రతికించుచుండిరి. దేవతలలో ఆ విద్య ఎరిగినవారు లేరు. అందుచేత వారు బృహస్పతి కుమారుడగు కచుని పిలిచి, శత్రువుల గురువు వద్దకే శిష్యుడుగా పొమ్మని వేడుకొనిరి. కచుడు తన కులగోత్రములను దాచలేదు. తాను ఎవరి కుమారుడో చెప్పుకొనియే శుక్రుని పాదములకు మ్రొక్కెను. శుక్రుడును తెలిసియే అతనిని చేర్చుకొనెను. గురువునకు శిష్యుడు శిష్యుడే. అతడు ఏ శిబిరమునుండి వచ్చెనన్నది తరువాతి మాట.

కథ పురాణమునకు చెందినదైనను, అందులోని సంగతి చరిత్రలో పలుమారులు నిజమైనది. రాజ్యములు పోరాడుకొనును. అవసరము వచ్చినప్పుడు నిన్నటి శత్రువుతో చేతులు కలుపును. అవసరము తీరగానే ఆ చేయి విడిచిపెట్టును. కాని అట్టి స్వల్పకాలపు స్నేహముల నీడలో ఒకరి విద్య మరియొకరికి అబ్బినచో, ఆ విద్య మాత్రము తిరిగి పోదు. సంధిపత్రములు చిరిగిపోయిన తరువాత కూడ అది నిలిచియుండును. జపానులో పుట్టిన జూడో అను మల్లవిద్య రష్యాకును, ఆంగ్లదేశమునకును, అమెరికాకును, మన శాంతినికేతనమునకును ఎట్లు చేరినదో పరిశీలించినచో ఈ సంగతి తేటపడును. అందులో ముఖ్యముగా ఒక రష్యా యువకుని జీవితము మనము తెలిసికొనదగినది.

జపానులో 1868లో మెయిజీ చక్రవర్తి పాలన ఆరంభమైన పిమ్మట పాత వ్యవస్థ కూలిపోయినది. 1871లో సంస్థానములు రద్దయ్యెను. 1876లో సమురాయి యోధులు నడుమున కత్తి ధరించి తిరుగుట నిషేధింపబడినది. తరతరములుగా యుద్ధవిద్యలు బోధించి బ్రతికిన గురువులకు జీవనాధారము పోయినది. కొందరు రుసుము తీసికొని ప్రదర్శనలిచ్చుచు పొట్టపోసికొనిరి. కొందరు విరిగిన ఎముకలు కట్టు వైద్యులుగా మారిరి. మన పల్లెలలో తాలింఖానాలు మూతబడిన నాడు సాము గరిడీలు నేర్పిన ఉస్తాదులకు పట్టిన గతియే వారికిని పట్టినది. జుజుత్సు అను నిరాయుధ యుద్ధవిద్యను చదువుకొన్నవారు మొరటువారి వ్యాపకముగా చూడసాగిరి.

అట్టి కాలమున జిగోరో కానో అను యువకుడు ఆ విద్యను చేపట్టెను. ఆయన 1860లో జన్మించెను. దేహము సన్నము, పాఠశాలలో బలిష్ఠులైన బాలురు ఆయనను ఏడిపించుచుండిరి. ఆ బాధకు విరుగుడుగా జుజుత్సు నేర్వదలచి గురువులను వెదకి, తెన్జిన్ షిన్యో, కితో అను రెండు సంప్రదాయములను అభ్యసించెను. 1881లో టోక్యో విశ్వవిద్యాలయమున పట్టభద్రుడయ్యెను. మరుసటి యేట, ఎయిషోజి అను బౌద్ధాలయములో, పండ్రెండు చాపలు మాత్రమే పట్టు గదిలో, తొమ్మండుగురు శిష్యులతో ఒక పాఠశాల నెలకొల్పెను. దానికి కోడోకాన్ అని పేరు. మార్గమును అధ్యయనము చేయు భవనమని దానికి అర్థము. అచ్చట నేర్పిన విద్యయే జూడో.

జూడోలోని "జు" అను మాటకు మెత్తదనము, వంగుట అని భావము. కానో దీనిని ఒక లెక్కతో వివరించుచుండెను. ఎదుటివాని బలము పది పాళ్లు, తన బలము ఏడు పాళ్లు అనుకొనుడు. ఎదిరించి నిలిచినచో ఓటమి తప్పదు. అతడు నెట్టినప్పుడు ఎదిరింపక, అతడు నెట్టినంత మేరకు వెనుకకు తగ్గినచో, అతడు ముందునకు తూలి నిలకడ కోల్పోవును. ఆ క్షణమున అతని బలము మూడు పాళ్లకు దిగిపోవును. తన ఏడు పాళ్లు చెక్కుచెదరవు. అప్పుడు అందులో సగము వినియోగించినను చాలును. కానో ప్రాణాపాయకరములైన దెబ్బలను పోటీలనుండి తొలగించెను. దెబ్బ తగులకుండ క్రింద పడుట ఎట్లో ముందుగా నేర్పించెను. జూడోలో తొలిపాఠము పడవేయుట కాదు, పడుట.

ఆయన తన విద్యకు రెండు సూత్రములు చెప్పెను. శక్తిని వృథాచేయక సద్వినియోగపరచుట మొదటిది. తానును పరులును కలిసి వర్ధిల్లుట రెండవది. ఈ రెండవ సూత్రము వట్టి మాట కాదనుటకు ఒక నిదర్శనము కలదు. 1894-95 సంవత్సరములలో జపాను చైనాల మధ్య యుద్ధము జరిగి చైనా ఓడిపోయినది. 1896లో చైనా ప్రభుత్వము పదుముగ్గురు విద్యార్థులను జపానుకు పంపినది. వారి చదువు బాధ్యతను స్వీకరించినవాడు కానో. తరువాత 1902లో చైనా విద్యార్థుల కొరకే కోబున్ అను విద్యాలయమును ఆయన నడిపెను. ఆధునిక చైనా సాహిత్యమునకు ఆద్యుడనదగిన లూ షున్ ఆ విద్యాలయములో చదివినవాడే.

1904లో జపాను రష్యాల మధ్య యుద్ధము మొదలైనది. పోర్ట్ ఆర్థర్ కోట పడిపోయినది. ముక్దెన్ వద్ద రష్యా భూసేన వెనుకంజ వేసినది. 1905 మే నెలలో సుషిమా జలసంధి వద్ద రష్యా నౌకాదళము నాశనమైనది. ఆసియా దేశమొకటి యూరపు సామ్రాజ్యమును ఓడించుట అప్పటి మన దేశస్థులకు ఎంతటి ఉత్సాహమును కలిగించినదో వేరుగ చెప్పనక్కరలేదు. పోర్ట్స్‌మత్ సంధి ప్రకారము సఖాలిన్ దీవిలోని దక్షిణ భాగము జపాను వశమైనది.

ఆ సఖాలిన్ దీవి రష్యా చక్రవర్తుల కాలమున కఠినశిక్ష పొందిన ఖైదీలను పంపు ద్వీపాంతరవాసము. మనకు అండమాను వంటిది. వసీలి ఒష్చెప్కోవ్ అచ్చటనే 1892వ సంవత్సరాంతమున, ఆధునిక పంచాంగము ప్రకారము 1893 జనవరిలో, జన్మించెను. తల్లి శిక్షపడి వచ్చిన స్త్రీ. బాల్యముననే అతడు అనాథయయ్యెను. ఖైదీ బిడ్డకు, అందునను తలిదండ్రులు లేనివానికి, ఆ దీవిలో ఏమి భవిష్యత్తు ఉండును? కాని 1907లో అతనిని టోక్యోలోని క్రైస్తవ వేదపాఠశాలకు పంపిరి. యుద్ధము ముగిసి అప్పటికి రెండేండ్లు మాత్రమే అయినది.

ఆ పాఠశాలను నడిపినవారు నికొలాయ్ అను రష్యా మతాచార్యులు. వారు 1861లో జపానుకు వచ్చి, ఆ భాష నేర్చి, ఆ ప్రజలలో ఒకరై జీవించిరి. 1904లో యుద్ధము వచ్చినప్పుడు రష్యా రాయబారి వెళ్లిపోయినను, తన శిష్యులను విడిచి పోలేనని వారు టోక్యోలోనే నిలిచిరి. తన దేశము ఓడిపోవలెనని వారు ప్రార్థింపలేరు. జపాను క్రైస్తవులు తమ దేశము గెలువవలెనని ప్రార్థించినచో వారించనూలేరు. అందువలన యుద్ధము ముగియు వరకు బహిరంగ ప్రార్థనలకు దూరముగా ఉండిరి. అట్టి వ్యక్తి పాఠశాలలో రష్యా బాలురకు జూడో నేర్చుకొను అవకాశము కలుగుట ఆశ్చర్యము కాదు.

ఒష్చెప్కోవ్ 1911 అక్టోబరు 29వ తేదీన కోడోకాన్‌లో చేరెను. ఓడించిన దేశపు గురువులు, ఓడిన దేశపు బాలుడు. ఆ చాపలపై అతనికి లభించిన ఆదరమెట్టిదో ఊహింపవచ్చును. జూడోలో కొత్తవాడు తినవలసిన పడుగులు అందరికంటె ఎక్కువగానే తినియుండును. అయినను నిలిచెను. 1913లో నల్లపట్టీ, అనగా మొదటి శ్రేణి, సంపాదించెను. 1917లో రెండవ శ్రేణి కూడ లభించినది. అప్పటికి యూరపు జాతులలో ఆ గౌరవము పొందినవారు వ్రేళ్లపై లెక్కింపదగినవారు.

అతడు స్వదేశము చేరి, 1914లో వ్లదివొస్తోక్ రేవుపట్టణమున జూడో నేర్పసాగెను. ఆ యేడే మొదటి ప్రపంచయుద్ధము వచ్చినది. అందులో రష్యా, జపాను ఒకే పక్షమున నిలిచెను. పదేండ్ల క్రిందట ఒకరి నౌకలను ఒకరు ముంచుకొన్న రాజ్యములు ఇప్పుడు మిత్రులు! జపాను లక్షలకొలది తుపాకులను రష్యాకు విక్రయించినది. అంతకంటె విచిత్రమైనది నౌకల కథ. 1904లో వర్యాగ్, పోల్తవా, పెరెస్వెత్ అను రష్యా యుద్ధనౌకలు మునిగిపోగా, జపానువారు వాటిని పైకి తీసి, బాగుచేసి, జపాను పేర్లు పెట్టి తమ నౌకాదళములో చేర్చుకొనిరి. 1916లో ఆ మూడింటిని వెల తీసికొని రష్యాకే మరల అప్పగించిరి. ఆ యేట జూలైలో ఉభయ దేశముల మధ్య రహస్యపు షరతులతో కూడిన సంధి కూడ జరిగినది.

ఆ స్నేహము వీచిన కాలముననే, 1917లో, జపాను దేశపు ఒతారు పట్టణమునుండి విద్యార్థులు వ్లదివొస్తోక్‌కు వచ్చి ఒష్చెప్కోవ్ శిష్యులతో జూడో పోటీలలో పాల్గొనిరి. రెండు దేశముల మధ్య జరిగిన తొలి జూడో పోటీలలో అది యొకటి. ఒకరికొకరు వంగి నమస్కరించి, పట్టు పట్టి, పడవేసి, లేపి, మరల నమస్కరించుట. రాజులు చేసికొన్న సంధికంటె ఆ పిల్లల నమస్కారమునకే ఆయుష్షు ఎక్కువయైనది.

ఏలయన ఆ యేడు రష్యాలో విప్లవము వచ్చినది. 1918లో జపాను సేనలు అదే వ్లదివొస్తోక్ రేవున దిగెను. ఆ సేనల సంఖ్య సుమారు డెబ్బదివేలకు పెరిగినది. అవి 1922 వరకు సైబీరియాలోను, 1925 వరకు ఉత్తర సఖాలిన్‌లోను నిలిచెను. మిత్రుడు మరల శత్రువయ్యెను. రెండు భాషలెరిగిన ఒష్చెప్కోవ్ రెండు పక్షములకు అవసరమైన మనిషి యయ్యెను. అతడు ముందు దుబాసీగా, తరువాత సోవియట్ గూఢచారిగా పనిచేసెను. చలనచిత్రములు ప్రదర్శించు వ్యాపారి వేషమున జపాను సేనల నడుమ తిరిగి వార్తలు పంపెను. తనకు విద్య నేర్పిన దేశముపై నిఘా వేయవలసి వచ్చుట ఎట్టి సంకటమో అతడు వ్రాసి పెట్టలేదు. కాని ఆ ఉద్యోగము వదలిన పిమ్మట మిగిలిన జీవితమంతయు ఆ విద్యకే అర్పించెను.

1930 ప్రాంతమున అతడు మాస్కో చేరి, అచ్చటి వ్యాయామ విద్యాలయమున బోధకుడయ్యెను. ఎర్రసైన్యమునకు కూడ శిక్షణనిచ్చెను. తాను నేర్చినది నేర్చినట్లు వల్లింపక, దానిని రష్యా చలికి, రష్యా దేహములకు, రష్యా అవసరములకు తగినట్లు మార్చెను. విశాలమైన ఆ దేశమున జార్జియా, తాతారు, ఉజ్బెక్ మొదలగు జాతులకు ప్రాచీనమైన కుస్తీలు కలవు. అందులోని మేలైన పట్లను చేర్చుకొనెను. జపాను వదులు అంగీకి బదులు, భుజములపై పట్టుకు దొరకు మడతలును, పట్టీ జారకుండ రంధ్రములును గల బిగువైన అంగీ, కాళ్లకు జోళ్లు వాడుకలోనికి వచ్చినవి. విక్టర్ స్పిరిదోనోవ్ అను మరియొక బోధకుడు వేరుగా ఇట్టి ప్రయత్నమే చేయుచుండెను. ఆయన జపానుతో జరిగిన యుద్ధమున పోరాడిన సైనికుడు. ఇట్లు ఇద్దరిలో ఒకడు జపాను యుద్ధభూమినుండి, ఒకడు జపాను పాఠశాలనుండి వచ్చినవారు. వీరి కృషినుండి పుట్టినదే సాంబో. ఆయుధము లేని ఆత్మరక్షణ అని చెప్పు రష్యన్ మాటల తొలి అక్షరములు కలిపి ఆ పేరు పెట్టిరి.

1937వ సంవత్సరము సోవియట్ దేశమున భయంకరమైన యేడు. పొరుగువాని నీడను చూచి పొరుగువాడు జంకిన కాలమది. ఆ శరత్కాలమున జపానుతో ఎట్టి సంబంధము ఉన్నవారినైనను గూఢచారులుగా అనుమానించి పట్టుకొనసాగిరి. జపానులో చదివినవాడు, జపాను భాష మాటలాడువాడు, జపాను మల్లవిద్య నేర్పువాడు తప్పించుకొనుట ఎట్లు? అక్టోబరు ఆరంభమున ఒక రాత్రి ఒష్చెప్కోవ్‌ను ఇంటినుండి తీసికొనిపోయిరి. జపాను తరఫున గూఢచారియని నేరము మోపిరి. తన దేశము కొరకు జపానుపై గూఢచర్యము చేసినవానిపైన ఆ నేరము! హృద్రోగి యగు ఆయన పదిరోజులైనను గడువకముందే, అక్టోబరు 10వ తేదీన, మాస్కోలోని బుతీర్కా కారాగారమున కన్నుమూసెను. వయసు నలుబదినాలుగు.

మరుసటి యేడు నవంబరు 16వ తేదీన సోవియట్ క్రీడాసంఘము ఆయన తీర్చిదిద్దిన విద్యకు అధికారికముగా గుర్తింపునిచ్చినది. దానిని సభకు సమర్పించినవాడు ఆయన శిష్యుడగు అనతోలి ఖర్లంపీయెవ్. అది సోవియట్ జాతుల కుస్తీలనుండి పుట్టినదని చెప్పబడినది. గురువు పేరు రాలేదు; జపాను పేరు అంతకంటె రాలేదు. శిష్యుని తప్పుపట్టుట సులువు. కాని ఆనాడు ఆ పేర్లు ఉచ్చరించినచో విద్యయే మిగిలియుండెడిదా? బిడ్డను బ్రతికించుకొనుటకు తండ్రి పేరు దాచిన తల్లి స్థితి వంటిది అది. అయినను అది ఒక అప్పు. అట్టి అప్పు తీరు వరకు మనసును కలచుచునే యుండును.

కానో కూడ ఎక్కువకాలము జీవింపలేదు. ఆసియానుండి అంతర్జాతీయ ఒలింపిక్ సంఘమున 1909లో మొట్టమొదట సభ్యుడైనవాడు ఆయనయే. 1940 ఒలింపిక్ క్రీడలు టోక్యోలో జరుపుటకు అనుమతి సంపాదించుటలో ఆయన కృషి పెద్దది. ఆ పనిమీదనే కైరో సభకు వెళ్లి తిరిగివచ్చుచు, 1938 మే 4వ తేదీన ఓడలోనే మరణించెను. అప్పటికే జపాను చైనాపై మరల యుద్ధము సాగించుచుండెను. ఆయన పోయిన రెండు నెలలకే జపాను ప్రభుత్వము ఆ క్రీడలను వదలుకొన్నది. ఇట్లు గురువు, దూరదేశపు శిష్యుడు ఏడు నెలల తేడాతో గతించిరి. ఇరువురి కలలను యుద్ధమే మ్రింగివేసినది.

ఇచ్చట మన దేశపు సంగతి కొంత చెప్పుకొనవలెను. రవీంద్రనాథ ఠాకూరు 1905లోనే సానో జిన్నొసుకె అను జపాను యువకుని శాంతినికేతనమునకు రప్పించి పిల్లలకు జుజుత్సు నేర్పించిరి. మరల 1929లో కోడోకాన్‌కు చెందిన షింజో తకగాకి వచ్చి, బాలురకే కాక బాలికలకును జూడో నేర్పెను. చీర చెంగు బిగించుకొని ఆడపిల్లలు చాపపై పట్లు పట్టుట ఆనాడు చిన్న విషయము కాదు. ధనాభావముచేత ఆ శిక్షణ ఎంతోకాలము సాగలేదు. గమనింపదగినది మరియొకటి కలదు. 1916లో జపానుకు వెళ్లినప్పుడు ఆ దేశపు యుద్ధోన్మాదమును సభాముఖముననే విమర్శించినవారు రవీంద్రులు. 1938లో జపాను కవి నొగుచి తమ దేశము చైనాలో చేయుచున్నది ధర్మయుద్ధమని వ్రాయగా, దానిని ఖండించుచు ప్రత్యుత్తరము లిచ్చినవారును వారే. జపాను విద్యను స్వీకరించుట వేరు, జపాను సేనలను సమర్థించుట వేరు అని వారు చక్కగా ఎరిగిరి.

రెండవ ప్రపంచయుద్ధమున పొత్తులు ఇంకను చిత్రముగా మారెను. పెట్టుబడిదారుల బ్రిటనుకు, అమెరికాకు సోవియట్ రష్యా మిత్రరాజ్యమైనది. ఆ రష్యాయే 1941 ఏప్రిల్ నుండి జపానుతో తటస్థపు ఒడంబడిక చేసికొనియుండెను. అనగా తన మిత్రుల శత్రువుతో 1945 ఆగస్టు వరకు పోరాడలేదు. 1944లో కోహిమా కొండలపై భారతీయ సైనికులు బ్రిటిషువారి పక్షమున నిలిచి పోరాడగా, నేతాజీ పిలుపు విన్న భారతీయులు ఆ ఈశాన్య సరిహద్దుకే జపానువారి పక్షమున వచ్చిరి. ఎవరు ఎవరికి మిత్రులు?

ఆ యుద్ధమున బ్రిటిషు కమాండో దళములకు నిరాయుధ యుద్ధము నేర్పినవాడు విలియం ఫెయిర్‌బెయిర్న్. ఆయన 1907 నుండి షాంఘై నగరమున రక్షకభటోద్యోగి. అచ్చటి ఇరుకు సందులలో కత్తిపోట్ల నడుమ పనిచేయుచు జపాను గురువు వద్ద జుజుత్సు అభ్యసించి, కోడోకాన్ వారి నల్లపట్టీ కూడ పొందెను. 1940లో స్వదేశమునకు వచ్చి, స్కాట్లండు కొండలలో యువకులకు ఆ విద్యను, కానో తొలగించిన ప్రాణాంతకములగు దెబ్బలను మరల చేర్చి, బోధించెను. తరువాత కెనడాలోను అమెరికాలోను అదే పని చేసెను. జపాను నేర్పిన పట్టు ఇట్లు జపానుపైననే ప్రయోగింపబడినది. ద్రోణుడు తన్ను చంపుటకు పుట్టిన ధృష్టద్యుమ్నునకు కూడ ధనుర్వేదము నేర్పెనని భారతము చెప్పును. విద్య నేర్పువాడు ఆ ప్రమాదమును ఎల్లప్పుడు భరింపవలసినదే.

1945 మార్చి 9వ తేదీ రాత్రి అమెరికా విమానములు టోక్యోపై అగ్నివర్షము కురిపించెను. ఆ ఒక్క రాత్రి సుమారు లక్షమంది మరణించిరని అంచనా. ఆ దాడులను నడిపించిన సేనాని కర్టిస్ లీమే. యుద్ధము ముగిసిన పిమ్మట జపానును ఆక్రమించిన అమెరికా అధికారులు పాఠశాలలలో యుద్ధవిద్యలను నిషేధించిరి. జూడోకు ఆ నిషేధము 1950లో తొలగినది. అప్పటికి లోకము మరల రెండు పక్షములై, జపాను అమెరికాకు మిత్రరాజ్యమగుచుండెను. 1952లో అమెరికా వ్యూహాత్మక వైమానిక దళము తన సైనికులను జూడో నేర్చుటకు కోడోకాన్‌కు పంపినది. ఆ దళమునకు అధిపతి ఎవరు? ఆ లీమేయే! మరుసటి యేడు పదిమంది జపాను ఆచార్యులు అమెరికాలోని వైమానిక స్థావరములు తిరిగి జూడో, కరాటే ప్రదర్శించిరి. అమెరికాలో ఆ విద్యలు సామాన్యులలోనికి వ్యాపించుటకు ఆ సైనికులే చాలవరకు కారకులు. ఎనిమిదేండ్ల క్రిందట కాలిన నగరమునుండి వచ్చిన గురువులు, కాల్చిన దళపు యువకులకు పడుట ఎట్లో నేర్పిరి. మొదటి పాఠము అదియే కదా.

1964లో టోక్యోలో ఒలింపిక్ క్రీడలు జరిగినప్పుడు జూడో తొలిసారి అందులో చేరినది. సోవియట్ దేశము సాంబో నేర్చిన మల్లులను పంపగా వారు నాలుగు కాంస్యపతకములు గెలిచిరి. వారి పట్లలో కొన్ని జపానువారికి కొత్తగా తోచెను. కొన్ని ఎచ్చటనో చూచినట్లు తోచియుండును. ఒక్క మనిషి టోక్యోనుండి తీసికొనిపోయినది ఏబదియేండ్లు రష్యాలో తిరిగి, వేషము మార్చుకొని, టోక్యోకే తిరిగివచ్చినది. ఆ క్రీడలలోనే అక్టోబరు 23వ తేదీన హాలండు దేశస్థుడగు అంటన్ గీసింక్ జపాను వీరుడగు కామినాగాను ఓడించి, అన్ని బరువుల వారికిని కలిపి నిర్వహించిన పోటీలో స్వర్ణపతకము గెలిచెను. సభాభవనము నిశ్శబ్దమైనది. హాలండు అభిమానులు ఆనందముతో చాపపైకి ఉరుకబోగా, గీసింక్ చేయెత్తి వారిని ఆపి, ఓడినవానికి ముందు నమస్కరించెను. యుద్ధకాలమున డచ్చివారి తూర్పు ఇండియా దీవులను జపాను ఆక్రమించి వేలమందిని శిబిరములలో బంధించి అప్పటికి ఇరువది రెండేండ్లే. ఆ ఒక్క నమస్కారము జపానువారి హృదయమును గెలిచినది.

ఒష్చెప్కోవ్ నిరపరాధియని 1957లో సోవియట్ ప్రభుత్వము ప్రకటించినది. ఆయన పేరు మెల్లమెల్లగా గ్రంథములకెక్కినది. 1991లో సోవియట్ రాజ్యమే అంతరించినది, సాంబో అంతరింపలేదు. 2021లో అంతర్జాతీయ ఒలింపిక్ సంఘము సాంబో సమాఖ్యకు పూర్తి గుర్తింపునిచ్చినది. నేడు ఆ విద్య నేర్చువారు ఒష్చెప్కోవ్‌ను మూలపురుషులలో ఒకనిగా తలచుచున్నారు. అప్పు ఆలస్యముగానైనను తీరినది.

ఈ చరిత్రనుండి మనము గ్రహింపదగినది ఒకటి కలదు. కృతజ్ఞతకు సత్యము ప్రాణము. నేర్చినదానిని నేర్వలేదనుట ఎంత దోషమో, నేర్పనిదానిని నేర్పితిమనుటయు అంతే దోషము. బోధిధర్ముడు దక్షిణ భారతమునుండి వెళ్లి చైనాలోని షావొలిన్ భిక్షువులకు యుద్ధవిద్య నేర్పెనని మనలో పలువురు గర్వముగా చెప్పుకొందురు. ఆ ఐతిహ్యమునకు ఆధారము పదునేడవ శతాబ్దమున పుట్టిన ఒక గ్రంథము. బోధిధర్ముని కాలమునకు అది సుమారు వేయి సంవత్సరముల తరువాతిది. ఆయన ధ్యానమార్గమును బోధించిన మహనీయుడు. ఆ కీర్తి చాలును. మనకు చెందని గొప్పను మనము కోరనక్కరలేదు. మనవారు తాలింఖానాలలో తరతరములు కాపాడిన సాము, కర్రసాము, కుస్తీ పట్ల గురువుల పేర్లను జ్ఞాపకముంచుకొన్నచో అదియే మంచి పని. ఉద్యోగరీత్యా దేశము నలుమూలల ఉన్న మన కుటుంబములలో, తాతలనాటి ఉస్తాదు పేరు తెలిసిన పిల్లలు ఎందరున్నారు?

కచుని కథతో ఆరంభమైన ప్రసంగమును ఆ కథతోనే ముగించుట యుక్తము. విద్య సంపాదించి దేవలోకమునకు మరలుచున్న కచుని చూచి, తన ప్రేమను కాదనెనన్న కోపముతో శుక్రుని కుమార్తె దేవయాని, నీవు నేర్చిన విద్య నీకు పనిచేయకపోవుగాక అని శపించినది. కచుడు చింతింపలేదు. తనకు పనిచేయకున్నను, తన వలన నేర్చినవారికి అది ఫలించునని చెప్పి వెళ్లెను. ఆయుధము లేకుండ ప్రాణమును కాపాడుకొను విద్యను ఒష్చెప్కోవ్ వేలమందికి చేరవేసెను. ఆ కారాగారపు గదిలో అది ఆయనకు పనిచేయలేదు. ఆయన వలన నేర్చినవారికి, వారివలన నేర్చినవారికి అది నేటికిని ఫలించుచున్నది.